మిద్దామెకు నేనేరిన కాంగా

మొన్న శుక్రవారం పొద్దున చెత్త సంచి పారేద్దామని వెనక గేటు తీస్తే గుప్పున వాసన కొట్టింది. ముందు యాలకులు, దాని వెనకాలే కొబ్బరిపాలు, కాగే నూనె. సంచి చేతిలో పట్టుకోని అట్నే నిలబడిపోయినా. కువైట్‌లో ఈ రుమైథియాలో ముప్పై ఏండ్లుగా వంట చేస్తా ఉండా. అరబ్బుల ఇండ్ల వాసనలు తెలుసు, మలయాళీల కొబ్బరినూనె తెలుసు. ఇది ఆ రెండూ కాదు. పక్కింట్లో కొత్తగా పనికి చేరిన ఆఫ్రికా పిల్ల గేటు కాడ పళ్ళెం పట్టుకోని నిలబడుంది. పళ్ళెం నిండా మూడు మూలలుగా పొంగిన రొట్టెలు.

"మహమ్రీలా?" అన్నా, దాని భాషలోనే.

ఆ పిల్ల పళ్ళెం జారవిడిచేదే. "అమ్మా, నీకు మా మాట ఎట్ల వచ్చు?" అనింది. యా ఊరు నీది అని అడిగితే దీవి పేరు చెప్పింది. చిన్నప్పుడు నేను బతికిన దీవే. ఒక రొట్టె తీసుకోని కొరికినా. ఎంత బాగుందో చెప్పలేను. దాంతోపాటే కోపం కూడా లేచింది. యాభై ఏండ్లయినా ఆ రుచికి నాకు ముందొచ్చేది కోపమే.

మేము దూదేకులోళ్ళం. నమాజు చదువుతాం, ఇంట్లో తెలుగే మాట్లాడతాం. మా నాయన దూది ఏకే పని వదిలేసి కడపలో ఇంజన్ల పని నేర్చుకున్నాడు. బొంబాయి సేటు ఒకాయన మాట్లాడి, ఆ దీవిలో కొబ్బరినూనె మిల్లు ఇంజను చూసుకునే పనికి మమ్మల్ని ఓడ ఎక్కించినాడు. అప్పుడు నాకు తొమ్మిదేండ్లు. అమ్మ రాగిపిండి మూట ఒకటి వెంట తెచ్చుకుంది. దోవలోనే తడిసి బూజు పట్టింది. దాన్ని సముద్రంలో పారేస్తా అమ్మ ఏడ్చింది. సంగటి లేకుండా యాడ బతకాలే తల్లీ అని.

ఆ ఊర్లో కారనేది లేదు. అంతా సందులు. రెండు గాడిదలు ఎదురెదురుగా వస్తే ఒకటి వెనక్కి నడవాల్సిందే. సముద్రపు రాయితో కట్టిన మిద్దెలు, తలుపుల నిండా చెక్కుడు పని, ప్రతి గుమ్మానికీ అటొకటి ఇటొకటి రాతి అరుగు. సాయంత్రమైతే మగోళ్ళంతా ఆ అరుగుల మీదికి చేరేవాళ్ళు. కాఫీ అమ్మేవాడు ఇత్తడి కూజా మోసుకోని, చిన్న గిన్నెలు టకటకలాడిస్తా వచ్చేవాడు. అల్లం కాఫీ, పాలుండవు, చక్కెర ఉండదు. అది తాగుతా యా పడవ యా రేవులో ఉందో, ఎవరి కూతురు ఎవరికో మాట్లాడుకునేవాళ్ళు. గాలి తిరిగినప్పుడు ఇదే కువైట్ నుంచి పడవలొచ్చేవి. అప్పటికే తగ్గిపోయినాయంట, ఏడాదికి ఒకటో రెండో. ఖర్జూరం దింపి, మడచెట్ల కొయ్యలు ఎక్కించుకోని పోయేవి. మేము పిల్లలం ఖర్జూరపు చాప బుట్టలకు వేలితో బొక్క పొడిచి, ఒకటొకటే లాక్కోని తినేవాళ్ళం. పడవోడు అరిస్తే పరుగే పరుగు. ఆ కొయ్యలు ఇక్కడ పాత ఇండ్ల కప్పులకు వేసేవాళ్ళని ఈ ఊరొచ్చినాకే నాకు తెలిసింది.

మేముండేది ఒక పెద్దింటి దిగువన. మిద్దె మీద ఇంటామె ఉండేది. అమ్మ ఆమెను మిద్దామె అనేది, నాకూ అదే అలవాటైపోయింది. భారీ మనిషి. చెవి అంచు పొడుగునా నాలుగైదు కుట్లు, వాటిల్లో బంగారు కమ్మలు. ఆమె మొగుడికి సొంత పడవలుండేవి. ఆమెకు పిల్లల్లేరు. దాంతో ఆయన రెండో పెండ్లి చేసుకున్నాడు. ఆ చిన్నామెను రెండు సందుల అవతల పెట్టినాడు. ఒకరోజు ఆడ, ఒకరోజు ఈడ. చిన్నామెకు కొడుకు పుట్టినాక ఈడికి వచ్చే రోజులు తగ్గుతా వచ్చినాయి. మిద్దామెకు ఆ దిగులే దిగులు. పైకి మాత్రం మహారాణి.

నిజం చెప్పాలంటే మొదట్లో ఆమె మమ్మల్ని బాగా చూసింది. కొబ్బరన్నం అమ్మకు నేర్పింది ఆమే. కొబ్బరి తురిమేదానికి ఆడ ఒక చిన్న పీట ఉంటాది, దాని ముందర ఇనుప నాలుక. దాన్ని మేక అంటారు వాళ్ళు. మేక మీద కూచోబెట్టి నాకు తురమడం నేర్పింది. కందుల్ని కొబ్బరిపాలల్లో ఉడకబెట్టి, మహమ్రీలు తుంచి ముంచుకోని తినమని పెట్టేది. అమ్మ అందుకు బదులు మల్లెపూలు కట్టిచ్చేది. ఆ ఊర్లో పూలు సూదితో గుచ్చుతారు. మా అమ్మ వట్టి దారంతో, రెండు వేళ్ళతో, చూస్తా ఉండంగానే మూర కట్టేసేది. ఊరి ఆడోళ్ళంతా వచ్చి నోళ్ళు తెరుచుకోని చూసినారు. రెండేండ్లు తిరిగేసరికి ఆ సందుల్లో పెండ్లికూతురి తలలో మా అమ్మ కట్టిన పూలే. అమ్మ మొగంలో అంత వెలుగు నేను కడపలో కూడా చూడలేదు.

పండగ రోజు పొద్దున మిద్దామె జడలో పూలు పెట్టేదానికి అమ్మ పైకి పోయింది. మధ్యాహ్నం మిద్దామె చూసుకుంటే చెవి కమ్మ ఒకటి లేదు. పండగని ఇంటి నిండా ఆడోళ్ళు. అమ్మను పిలిపించింది. నేను అమ్మ కొంగు పట్టుకోని వెనకాలే పోయినా.

"నా చెవి కాడ చెయ్యి పెట్టింది నువ్వొక్కదానివే" అనింది మిద్దామె.

అమ్మకు ముందు అర్థం కాలేదు. నవ్వింది కూడా. తర్వాత అర్థమయ్యి, ఆ ఇంటి నడి వాకిట్లో, ముప్పైమంది చూస్తా ఉండంగా, చీర విప్పి దులిపి చూపించింది. చూపించమనింది మిద్దామె. విప్పింది నా తల్లి. లంగా జాకెట్టుతో నిలబడి, చీర రెండు చేతుల్తో పైకెత్తి దులిపింది. ఏమీ రాల్లేదు. "యాడో దాచుంటాది" అనింది మిద్దామె. ఒక్కరు, ఒక్క ఆడది, చాల్లే అనలేదు.

ఆ రోజు నుంచి అమ్మను పూలకు పిలిచినోళ్ళు లేరు. నాయనకు చెప్తే, "దేశం కాని దేశం, గొడవెందుకు, వదిలెయ్" అన్నాడు. మగోడికి వదిలెయ్యడం ఎంత సులువో! చీర దులిపింది ఆయన కాదు గదా.

ఇంత జరిగినా, మిద్దామె పిలిస్తే నన్ను పైకి పంపేది అమ్మ. "పోకపోతే తప్పు ఒప్పుకున్నట్టే. పో" అనేది. ఆ ఊర్లో పెద్దోళ్ళు కనపడితే పిల్లలు కాళ్ళు పట్టుకుంటున్నా అని నోటితో అనాల. పొద్దున్నే మెట్ల మీద ఆమెకు ఆ మాట చెప్పాల్సి వచ్చేది. పండ్లు కొరుకుతా చెప్పేదాన్ని.

నెల తిరిగినాక ఏదో విందు వచ్చింది. కొబ్బరి తురమను నన్ను పిలిచింది. కొబ్బరిపాలు పిండేదానికి ఈతాకుతో అల్లిన పొడుగు సంచి ఒకటి ఉంటాది. విందులకు వాడేది పెద్దది వేరే. పండగ తర్వాత దాన్ని ఆ రోజే దించింది. దులిపింది. ఎండిన కొబ్బరి పిప్పితోపాటు కమ్మ నేల మీద పడి టింగుమనింది. పండగ రోజు పాలు పిండేటప్పుడు జారిపోయుంటాది. నేను చూసినా. నేను చూడటం ఆమె చూసింది. కమ్మ తీసి, నోటితో ఊది, చెవికి పెట్టుకుంది.

"రొంత సన్నగా తురుము బిడ్డా" అనింది. అంతే.

నేను మేక మీద నుంచి దూకి మెట్లు దిగి అమ్మకు చెప్పేసినా. అమ్మ కండ్లు మూసుకోని అల్లాకు దండం పెట్టుకుంది. "నువ్వు ఎవురికీ చెప్పొద్దు. ఆమే చెప్తాది. పెద్దమనిషి, అందర్నీ పిలిచి ఆమే చెప్తాది" అనింది. ఆ సాయంత్రం మంచి చీర కట్టుకోని వాకిట్లో కూచుంది. పిలుపు రాలేదు. మర్నాడు రాలేదు. వారమైంది. నా తల్లి ఒక్క మాట కోసం గడప కాడ కాచుకోని ఉండేది. మెట్ల మీద ఎవురు నడిచినా తల ఎత్తి చూసేది. నాకు మిద్దామెను మెట్ల మీద నుంచి తోసెయ్యాలనిపించేది. మనిషి బరువుకు నా బలం చాలదని ఊరుకున్నా.

ఇంక కాంగా సంగతి. ఆడోళ్ళు కట్టుకునే గుడ్డలవి, జతగా వస్తాయి. నడుముకొకటి, తలమీదికొకటి. అంచుకు పైన ఒక వరస రాసుంటాది. మొగుడితో అనలేని మాట, సవతితో అనాల్సిన మాట, పక్కింటామెను దెప్పాల్సిన మాట, ఏదైనా సరే ఆ గుడ్డ కట్టుకోని ఆమె ముందర నడిస్తే చాలు. నోరు తెరిచే పని లేదు. అయితే ఒక చిక్కుంది. మిద్దామె వయసు ఆడోళ్ళు ఖురాను చదువుతారు, అరబ్బీ అక్షరాలతో ఉత్తరాలు కూడా రాస్తారు. కాంగా మీద మాట వాళ్ళదే గానీ ఉండేదేమో ఇంగ్లీషు అక్షరాలు. అవి నా మాదిరి బడికి పోయిన పిల్లలకే వచ్చు. పెద్దింటి ఆడోళ్ళు అంగడికి పోరు కాబట్టి బట్టలంగడి సేటు కొత్త సరుకు మూట కట్టి ఇండ్లకే పంపేవాడు. పిల్లోళ్ళను కూచోబెట్టుకోని చదివించుకోని ఏరుకునేవాళ్ళు.

ఆ మూట వచ్చిన రోజు మిద్దామె నన్ను పిలిచింది. వాళ్ళ బంధువుల ఇంట్లో పెండ్లి ఉండాది. "చదువు. సముద్రం దాటొచ్చి, నమ్మినోళ్ళ ఇంట్లో చేతివాటం చూపించేవాళ్ళకు తగిలేది కావాల" అనింది.

ఎవరి గురించో నాకు తెలీదనుకుందా? తెలుసని తెలిసే అడిగిందా? నాకిప్పటికీ తేల్లేదు. కమ్మ ఆమె చెవిలో మెరుస్తా ఉండాది. నా తల్లిని కొట్టేదానికి కట్టె నాచేతే ఏరించుకుంటా ఉండాది. నాకు పదకొండేండ్లు, అయినా ఆ పొద్దు నేను చిన్నపిల్లను కాను.

ఒక్కొక్క గుడ్డ విప్పుతా చదివినా. ఎర్ర అంచుది ఒకటి వచ్చింది. దాని మీద "నీకే వదిలేసినా, ఏలుకో" అని ఉంది.

"ఇది చూడు" అన్నా. "నమ్మి ఇంట్లోకి రానిచ్చి మోసపోయినా అని ఉండాది."

మిద్దామె మొగం విచ్చుకుంది. "ఇదే! ఇదే!" అని దాన్ని ఒళ్ళో వేసుకోని తడిమింది. నా నోట్లో హల్వా ముక్క పెట్టింది. మింగినా. శానా తియ్యగా ఉండింది.

పెండ్లికి ముందు ఆడ ఒక రోజు ఉంటాది, ఊరి ఆడోళ్ళంతా చేరి పెండ్లి బియ్యం ఏరే రోజు. చాటలు, పాటలు, పకపకలు, ఒకరి మీద ఒకరు ఎకసక్కాలు. పిలిచినా పిలవకపోయినా అందరూ పోవాల. అమ్మ కూడా పోయింది. గుమ్మం కాడ ఒక మూల చాట పెట్టుకోని, తల వంచుకోని ఏరుకుంటా ఉంది. చిన్నామె కూడా వచ్చింది, అక్కచెల్లెండ్లను వెంటేసుకోని. వాళ్ళంతా బడికి పోయినోళ్ళే.

మిద్దామె వచ్చింది. ఎర్ర అంచు నడుముకు తిప్పి కట్టింది. ముందు చిన్నామె చెల్లెలు చూసింది. మోచేత్తో అక్కను పొడిచింది. చిన్నామె చదివింది. ఒక్క క్షణం నమ్మలేకపోయింది. లేచొచ్చి మిద్దామె చెయ్యి పట్టుకోని ముద్దు పెట్టుకోని, "అక్కా, ఎంత పెద్దమనసు నీది!" అనింది అందరికీ వినపడేటట్టు.

మిద్దామె పొంగిపోయింది. సవతి ఇన్నేండ్లకు తనకు మర్యాద చేసిందనుకుంది. అంతటితో ఊరుకోవచ్చు గదా! నేరుగా మా అమ్మ ముందరికి వచ్చి, వీపు తిప్పి నిలబడింది. అమ్మకు కనపడాలని అటు తిరిగి, ఇటు తిరిగి, నడుము ఊపింది. తిరిగిన ప్రతిసారీ ఇంకో పదిమంది చదివినారు. చాటలు పక్కన పడేసి, పొట్టలు పట్టుకోని నవ్వినారు. ఒకామె బియ్యం మీద పడి దొర్లింది. నేను స్తంభం వెనక నిలబడి చూస్తా ఉండా. నా బతుకులో అంత సంతోషం మళ్ళా నేను ఎరగను. నా పెండ్లినాడు కూడా లేదు.

అమ్మకు ఆ అక్షరాలు రావు. ఆమెకు తెలిసిందల్లా మిద్దామె తన ముందర నిలబడుంది, ఊరంతా నవ్వుతా ఉంది. తననే అనుకుంది. చాట కింద పెట్టి, కొంగు నోటికడ్డం పెట్టుకోని, లేచి పోయింది. ఆమె మొగం చూసి వెనకాలే పరిగెత్తినా. ఇంట్లో ఏడుస్తా ఉన్నదాన్ని పట్టుకోని, "నిన్ను కాదమ్మా, దాన్నే" అని మొత్తం చెప్పినా.

అమ్మ ఏడుపు ఆపింది. నన్ను కొట్టలేదు. "ఎంత పని చేసినావే" అని మాత్రం అనింది.

ఆ సాయంత్రమే ఇద్దరు కూలోళ్ళు వచ్చి మిద్దె మీద నుంచి మొగుడి పెట్టె, మంచం దించినారు. మిద్దామె పై నుంచి ఏందిది అని అరిచింది. ఆయన సందులో నిలబడి, "పదిమందిలో నువ్వే వదిలేసినావంట గదా. నాకూ అదే మేలు" అన్నాడు. ఎన్నేండ్లుగా కాచుకోని ఉన్నాడో ఆ సాకు కోసం.

రొంతసేపటికి మిద్దామె మెట్లు దిగి మా గడపలోకి వచ్చింది. రెండేండ్లలో ఎప్పుడూ రాలేదు. చేతిలో ఆ గుడ్డ. అరవలేదు. నా ముందర పరిచి, "మళ్ళా చదువు" అనింది.

చదివినా. ఈసారి ఉన్నదున్నట్టు చదివినా.

ఆమె అమ్మ వైపు తిరిగింది. "నువ్వు చేయించినావా?"

"నేను చేయించలేదు. తెలిసుంటే చెయ్యనిచ్చేదాన్ని కాను" అనింది అమ్మ. తర్వాత నేను అనుకోని మాట అనింది. "నేను ఇప్పుడే పోతా. చిన్నామె కాడికి పోయి, అరుగుల మీద మగోళ్ళకు చెప్పి, ఇది నా బిడ్డ చేసిన పని, నీకేం తెలీదని అందరి కాళ్ళూ పట్టుకుంటా. నీ మొగుడు తిరిగి వస్తాడు. నువ్వు ఒక్క మాట చెప్పు చాలు. ఆ కమ్మ దొరికిందని చెప్పు."

మిద్దామె నిలబడింది. నిలబడింది. కమ్మ ఆమె చెవిలోనే ఉండాది, మా దీపం వెలుగుకు మెరుస్తా ఉండాది. మొగుడు పోతా ఉన్నాడు, ఒక్క మాటకు తిరిగొస్తాడు.

"ఏ కమ్మ?" అనింది.

గుడ్డ మా గడప మీదే వదిలేసి మెట్లెక్కి పోయింది. నెల తిరక్కముందే మేము ఓడ ఎక్కినాము. కడపకు వచ్చినాక అమ్మ మళ్ళా పూలు కట్టలేదు. ఎవరింట పెండ్లికి పోయినా నగలు పెట్టుకున్నోళ్ళ పక్కన కూచునేది కాదు. తలుపు కాడ, రెండు చేతులూ అందరికీ కనపడేటట్టు ఒళ్ళో పెట్టుకోని కూచునేది. చచ్చేదాకా అట్లే కూచుంది. ఆ చేతుల్ని చూసినప్పుడల్లా మిద్దామె మీద నా పగకు కొత్తగా నిప్పంటుకునేది.

ఇదంతా మొన్న పక్కింటి పిల్లకు గేటు కాడే చెప్పినా. అది నోరు తెరుచుకోని వినింది. "మా అవ్వ ఆ సందులోనే కోడలిగా వచ్చింది. ఇంకా ఉంది. శుక్రవారం ఫోన్ చేస్తా, మాట్లాడతావా?" అనింది.

మాట్లాడతా అన్నా. ఈ వారం మామా, నేను పనిచేసే ఇంటి అరబ్బామె, కూతురింటికి పోయింది, ఇంట్లో ఎవురూ లేరు. ఆ పిల్లను వంటింట్లో కూచోబెట్టుకోని ఫోన్ చేయించినా. ముసలామె గొంతు. ఆ ఊరోళ్ళ అలవాటే అంత, ముందు అర్ధగంట పలకరింపులు. ఇల్లు బాగా, ఒళ్ళు బాగా, పిల్లలు బాగా. నేను ఎవరి కూతురో చెప్తే, "ఓ, పూలు కట్టే ఇండియా ఆమె!" అని ఎంతో సంబరపడింది. మిద్దామె గురించి అడిగినా. పోయి శానా ఏండ్లయిందంట. మొగుడు మళ్ళా ఆ మెట్లు ఎక్కలేదంట. మంచిదన్నా. నాకు జాలి లేదు. కలుగుతాదేమోనని చూసుకున్నా, కలగలేదు.

తర్వాత నేను యాభై ఏండ్లుగా నోట్లో పెట్టుకున్న మాట చెప్పినా. "అవ్వా, నువ్వు వినాల. ఆ కమ్మ దొరికింది. కొబ్బరి సంచిలో పడుండింది. నేను నా కండ్లతో చూసినా. మా అమ్మ దొంగ కాదు."

"అయ్యో, అది మాకు తెలీదా తల్లీ?" అనింది ముసలామె తేలిగ్గా. "బియ్యం ఏరే రోజు ఆమె చెవిలోనే ఉన్నింది గదా. అందరం చూసినాము."

ఆ పిల్ల నా మొగం చూసి భయపడింది.

"చూసి?" అన్నా.

"చూసి ఏం చేస్తాం? ఆమె పెద్దింటామె. మీరు నాలుగు రోజులుండి పోయేవాళ్ళు."

వంటింట్లో చన్నీళ్ళ కొళాయి బొట్టుబొట్టుగా కారుతా ఉంది. కట్టెయ్యాలని కూడా తోచలేదు. ఇన్నేండ్లూ ఒక్క ఆడదాన్నే తిట్టుకున్నానే, ఒక్కదాని మీదే కసి తీర్చుకోని సంబరపడినానే అని తల బాదుకోవాలనిపించింది. చాటలు పడేసి నవ్విన నలభైమందిలో ఒక్కతికీ ఏమీ కాలేదు. అందరూ పిల్లల్ని కని, మనవల్ని ఎత్తుకోని, హాయిగా ముసలోళ్ళయినారు.

"మీ అమ్మ మంచి మనిషి" అంటా ఉంది ముసలామె. "ఉండాదా? నా సలాములు చెప్పు తల్లీ. నేను అడిగినానని చెప్పు."

"చెప్పను" అన్నా. ఫోన్ ఆ పిల్ల చేతిలో పెట్టేసినా.